తిత్లీ పోయాక

తుఫాను తీరం దాటేదాకా టీవీలన్నీ అక్కడే ఉంటాయి. దాటాక ఆ ఊళ్లు ఏమయ్యాయో ఎవరికీ పట్టదు. నాకు మాత్రం ఎప్పుడూ ఉద్దానం ఊళ్లే గుర్తొస్తాయి.

2018 అక్టోబర్ 11 తెల్లవారుజామున తిత్లీ తుఫాను పలాస దగ్గర తీరం దాటింది. తెల్లారేసరికి ఉద్దానంలో కొబ్బరి తోటలు, జీడి తోటలు నేలమట్టం. దసరా ముంగిట్లో కరెంటు లేదు, మోటార్లు ఆడక తాగునీళ్లూ లేవు. అసలే కిడ్నీ జబ్బులతో నలిగిపోతున్న ఊళ్లవి.

వరి పోతే మరుసటేడు మళ్లీ నాటుకోవచ్చు. కొబ్బరి మొక్క కాపుకి రావాలంటే ఏళ్లు పడుతుంది. తాత పెట్టిన చెట్టు మీదే మనవడి చదువు, ఆడపిల్ల పెళ్లి. పైగా పడిన మానుల్ని తీయించడానికీ ఖర్చవుతుంది. తీయకపోతే కుళ్లిన మానులో కొమ్ము పురుగు గుడ్లు పెడుతుంది. పెరిగిన పురుగు, గాలికి తట్టుకుని నిలబడ్డ నాలుగు చెట్ల మొవ్వునూ తొలిచేస్తుంది.

మాకు పెద్దమ్మ వరసయ్యే ఆవిడ రాలిన కాయల్లో మొలకొచ్చినవి ఏరి, గోడ నీడన వరసగా పెట్టుకుంది. "ఇవి కాసేసరికి నేనుంటానో లేదో గానీ, పెట్టకపోతే ఎలాగమ్మా?" అంది.

తోట రైతుకి ఒక్కసారి పరిహారం చేతిలో పెట్టి ఊరుకుంటే చాలదు. మొక్క కాపుకొచ్చేదాకా ఏటా ఆదుకోవాలి. కౌలుకి చేసేవాళ్లనీ, జీడిపిక్కలు ఏరి కూలి తెచ్చుకునే ఆడవాళ్లనీ కూడా ఆ లెక్కలో రాయాలి. తోట పడిపోయిన రోజే వాళ్ల పనీ పోయింది.