హల్ నగరంలో చదువూ ఖర్చూ

ఇంగ్లండ్ తూర్పు తీరాన, హంబర్ నదీముఖానికి ఉత్తరపు గట్టున ఉన్న ఓడరేవు హల్. పూర్తి పేరు కింగ్‌స్టన్ అపాన్ హల్. 2021 జనాభా లెక్కల్లో ఇక్కడి జనం దాదాపు 2 లక్షల 67 వేలు. ఇంగ్లండ్‌లో ఇళ్ల ధరలు, అద్దెలు తక్కువగా ఉన్న నగరాల్లో ఇదొకటి. లండన్ అద్దెలకు భయపడే విద్యార్థులు, వారిలో తెలుగు రాష్ట్రాల నుంచి వచ్చేవారు, ఇలాంటి ఊళ్ల వైపు చూడడానికి ముఖ్య కారణం అదే. ఈ వ్యాసకర్త నగరాన్ని రైల్వే స్టేషన్ నుంచి రేవు దాకా తిరిగి చూసిన వరుసలోనే, అక్కడి విద్యార్థి జీవితం ఎలా సాగుతుందో, దానికి ఎంత ఖర్చవుతుందో ఈ వ్యాసం వివరిస్తుంది.

లండన్ నుంచి హల్‌కు

లండన్ కింగ్స్ క్రాస్ స్టేషన్ నుంచి హల్‌కు నేరుగా రైళ్లున్నాయి. హల్ ట్రెయిన్స్ అనే సంస్థ 2000 నుంచి ఈ దారిలో బండ్లు నడుపుతోంది. దూరం సుమారు 330 కిలోమీటర్లు. ప్రయాణానికి రెండున్నర గంటలు దాటుతుంది. డాంకాస్టర్ తర్వాత బండి ప్రధాన మార్గాన్ని వదిలి తూర్పుకు తిరుగుతుంది. బ్రఫ్ స్టేషన్ దాటాక కుడిచేతి కిటికీలోంచి మట్టిరంగు నీళ్లతో హంబర్ కనిపిస్తుంది. కాసేపటికి రైలు హంబర్ వంతెన కిందుగా సాగుతుంది. 1981లో తెరిచిన ఈ వేలాడే వంతెన ప్రధాన స్తంభాల మధ్య దూరం 1,410 మీటర్లు. 1998 దాకా ప్రపంచంలో అంత దూరాన్ని ఒకే అంగలో దాటిన వంతెన మరొకటి లేదు.

టికెట్ ధర ఎప్పుడు కొన్నారన్నదాన్ని బట్టి మారుతుంది. వారాల ముందే కొంటే చవక, బండెక్కే రోజున కొంటే మోత. 16 నుంచి 25 ఏళ్లవారికిచ్చే రైల్‌కార్డుతో ఛార్జీలో మూడో వంతు తగ్గుతుంది. 2025 నుంచి దాని ధర ఏడాదికి 35 పౌండ్లు. 25 దాటినా పూర్తికాలం చదువుతున్నవారు దాన్ని తీసుకోవచ్చు. లండన్‌కు రెండు మూడుసార్లు వెళ్లొస్తే ఆ డబ్బు తిరిగి వచ్చేస్తుంది. దూరప్రయాణపు బస్సులు ఇంకా చవక, సమయం మాత్రం చాలా ఎక్కువ.

రైలు ఆగే పారగాన్ ఇంటర్‌ఛేంజ్‌లో 2007 నుంచి రైల్వే స్టేషనూ బస్టాండూ ఒకే కప్పు కింద ఉన్నాయి. పెట్టెలతో దిగిన విద్యార్థి రోడ్డు దాటకుండానే సిటీ బస్సెక్కవచ్చు. ఇంగ్లండ్‌లో చాలా బస్సుల్లో ఒకవైపు ప్రయాణానికి గరిష్ఠ ఛార్జీ 2025 జనవరి నుంచి 3 పౌండ్లు. పౌండుకు 110 రూపాయలకు పైగా పెట్టి కొనే కుటుంబానికి రోజూ రెండు బస్సు టికెట్లు చిన్న ఖర్చేమీ కాదు. హల్ నేల దాదాపు పూర్తిగా చదును కాబట్టి సైకిల్ ఇక్కడ నిజంగా పనికొస్తుంది. పాత సైకిలొకటి, గట్టి తాళమొకటి కొనుక్కున్నవారికి బస్సు ఖర్చు చాలావరకు తప్పుతుంది.

చవకదనం వెనక చరిత్ర

ఈ నగరం చవకగా ఉండడానికి కారణం దాని చరిత్రలో ఉంది. రెండో ప్రపంచయుద్ధంలో జర్మన్ బాంబుల దెబ్బ అతిగా తిన్న బ్రిటిష్ నగరాల్లో హల్ ఒకటి. ఇక్కడి ఇళ్లలో నూటికి 95 ఏదో ఒక మేర దెబ్బతిన్నాయి. యుద్ధం తర్వాత ఊరిని నిలబెట్టింది దూర సముద్రాల చేపల వేట. 1970లలో చేపల హక్కుల కోసం ఐస్‌లాండ్‌తో నడిచిన వివాదంలో బ్రిటన్ వెనక్కి తగ్గాక హల్ పడవలకు వేట లేకుండా పోయింది. హెస్ల్ రోడ్డు చుట్టూ తరతరాలుగా చేపల మీద బతికిన కుటుంబాలకు పని పోయింది. పని తగ్గిన ఊళ్లో ఇళ్ల ధర పెరగలేదు. విద్యార్థికి కలిసొచ్చే తక్కువ అద్దె, అదే విద్యార్థిని ఇబ్బంది పెట్టే ఉద్యోగాల కొరత, రెండూ ఒకే వేరు నుంచి వచ్చాయి. ఇలాంటి ఊరిని ఎంచుకునేవారు ఈ రెండింటినీ కలిపి లెక్కవేసుకోవాలి.

విశ్వవిద్యాలయం, రుసుములు

పారగాన్ నుంచి బెవర్లీ రోడ్డు మీదుగా ఉత్తరానికి మూడు కిలోమీటర్లు దాటి వెళితే కాటింగ్‌హామ్ రోడ్డు, దాని మీద హల్ విశ్వవిద్యాలయం. 1927లో కళాశాలగా మొదలై 1954లో పూర్తి విశ్వవిద్యాలయమైంది. ఆవరణ నడుమ ఎత్తుగా కనిపించేది బ్రిన్‌మోర్ జోన్స్ గ్రంథాలయం. కవి ఫిలిప్ లార్కిన్ 1955 నుంచి 1985లో చనిపోయేదాకా ఈ విశ్వవిద్యాలయపు గ్రంథపాలకుడు. పాఠ్యపుస్తకాలు కొనలేని విద్యార్థికి పుస్తకాలూ కంప్యూటర్లూ వెచ్చని గదీ ఒకేచోట దొరికే స్థలం ఈ గ్రంథాలయమే. చలికాలంలో ఇంట్లో హీటర్ వేసుకోకుండా ఇక్కడ చదువుకుంటే గ్యాస్ బిల్లు కూడా తగ్గుతుంది.

ఊరు చవకైనంత మాత్రాన చదువు చవక కాదు. ఇంగ్లండ్ విద్యార్థులకు డిగ్రీ రుసుము 2025–26లో ఏడాదికి గరిష్ఠంగా 9,535 పౌండ్లు. విదేశీ విద్యార్థులకు అలాంటి పరిమితి లేదు. విశ్వవిద్యాలయం ఎంత పెడితే అంత. అందుకే రుసుమును, బతుకు ఖర్చును వేర్వేరు పద్దులుగా రాసుకోవాలి. ఊరు తగ్గించగలిగేది రెండో పద్దునే.

వీసా కోసం ఆ రెండో పద్దును ముందుగానే చూపించాలి. 2025 నవంబరు నుంచి లండన్‌లో చదివేవారు నెలకు 1,529 పౌండ్లు, లండన్ వెలుపల చదివేవారు 1,171 పౌండ్లు చొప్పున, గరిష్ఠంగా 9 నెలలకు, బ్యాంకులో చూపాలి. హల్ లాంటి ఊరికి ఇది 10,539 పౌండ్లు, అంటే సుమారు 12 లక్షల రూపాయలు. లండన్‌కైతే మరో 3,222 పౌండ్లు కావాలి. ఈ సొమ్ము వరసగా 28 రోజులు ఖాతాలో నిలిచి ఉండాలి. దీనికి తోడు విద్యార్థులు ఏడాదికి 776 పౌండ్ల ఆరోగ్య సర్‌చార్జి ముందే చెల్లించాలి.

న్యూలాండ్ అవెన్యూలో ఇల్లు

విశ్వవిద్యాలయం దగ్గరి నుంచి దక్షిణానికి సాగే న్యూలాండ్ అవెన్యూ విద్యార్థుల వీధి. కాఫీ దుకాణాలు, కూరగాయల కొట్లు, పాత సామాను అమ్మే ఛారిటీ దుకాణాలు వరుసగా ఉంటాయి. దాని పక్క వీధుల్లో ఒకే గోడను పంచుకుంటూ బారుగా కట్టిన ఎర్ర ఇటుక ఇళ్లున్నాయి. నలుగురైదుగురు విద్యార్థులు కలిసి ఒక ఇల్లు తీసుకుంటారు. గది ఎవరిది వారిది, వంటగదీ స్నానాలగదీ ఉమ్మడి. గదికి వారం అద్దె తరచుగా నూరు పౌండ్లకు అటూ ఇటూ ఉంటుంది. ప్రైవేటు హాస్టళ్లలో అంతకన్నా ఎక్కువ. ఈ వ్యాసకర్త చూసిన ఇళ్లలో ముందు గది కూడా పడకగదిగా మారింది. అందరూ కలిసి కూర్చునే చోటు వంటగదే.

అద్దెదారుకు చట్టం ఇచ్చిన రక్షణలు తెలుసుకోదగ్గవి. 2019 చట్టం ప్రకారం సాధారణ అద్దెలకు డిపాజిట్ ఐదు వారాల అద్దెకు మించకూడదు. వారానికి 100 పౌండ్ల గదికి అది 500 పౌండ్లు. యజమాని ఆ సొమ్మును 30 రోజుల్లోగా ప్రభుత్వం గుర్తించిన రక్షణ పథకంలో పెట్టాలి. ఒకే కుటుంబానికి చెందని ఐదుగురు లేదా అంతకన్నా ఎక్కువమంది పంచుకునే ఇంటికి లైసెన్సు ఉండి తీరాలి. విదేశీ విద్యార్థికి పెద్ద అడ్డంకి హామీదారు: అద్దె కట్టకపోతే తాను కడతానని సంతకం చేసే, బ్రిటన్‌లో ఉండే మనిషి. అలాంటివారు లేనివారిని ఆరు నెలల అద్దె ముందే కట్టమనడం చాలాకాలం ఆనవాయితీ. 2025లో వచ్చిన అద్దెదారుల హక్కుల చట్టం 2026 మే 1 నుంచి ప్రైవేటు ఇళ్లలో ఒక నెలకు మించి ముందస్తు అద్దె అడగడాన్ని ఆపింది. ఇల్లు చూడకుండా, ఒప్పందం చదవకుండా హైదరాబాద్‌లో కూర్చుని డబ్బు పంపడం ఎప్పటికీ ప్రమాదమే.

ఇంట్లో ఉన్నవారంతా పూర్తికాలం విద్యార్థులైతే ఆ ఇంటికి కౌన్సిల్ పన్ను ఉండదు. చదువు లేని స్నేహితుడొకరు చేరినా ఆ మినహాయింపు పోయి బిల్లు వస్తుంది. టీవీలో ప్రత్యక్ష ప్రసారాలు చూస్తే లైసెన్సు కావాలి. 2025–26లో దాని ధర 174.50 పౌండ్లు. చలికాలంలో కిటికీలన్నీ మూసి తడిబట్టలు గదిలో ఆరేస్తే గోడలకు నల్లటి బూజు పడుతుంది. అది ఆరోగ్యానికీ చేటు, డిపాజిట్‌కూ చేటు.

తిండి

ఆల్డీ, లిడిల్, ఆస్డా లాంటి దుకాణాల సొంత బ్రాండు సరుకులతో ఇంట్లో వండుకుంటే ఒక మనిషికి వారానికి 30 నుంచి 40 పౌండ్లలో గడుస్తుంది. వండని ఆహారంలో ఎక్కువవాటికి బ్రిటన్‌లో అమ్మకపు పన్ను లేదు. వేడిగా వడ్డించే తిండికి 20 శాతం పన్ను ఉంది. వంట వచ్చినవారికీ రానివారికీ నెల ఖర్చులో అంత తేడా రావడానికి ఇదొక కారణం. గడువు దగ్గరపడిన రొట్టె, కూరగాయలు, పెరుగు మీద సాయంత్రాలు పసుపు చీటీ అంటించి సగం ధరకో ఇంకా తక్కువకో అమ్ముతారు.

నగర కేంద్రానికి పడమటగా సాగే స్ప్రింగ్ బ్యాంక్ వీధిలో పలు దేశాలవారి కిరాణా కొట్లున్నాయి. బియ్యం, పప్పులు, మసాలాలు అలాంటి చోట్ల పెద్ద సంచుల్లో చవకగా దొరుకుతాయి. పచ్చళ్లు, కారప్పొడులు ఇంటినుంచి తెచ్చుకోవచ్చు. మాంసం, పాల పదార్థాలు భారత్ నుంచి తేవడం నిషిద్ధం. నెయ్యి, పాలకోవా కూడా ఆ కోవలోకే వస్తాయి.

హల్ చిప్ షాపుల ప్రత్యేకత ప్యాటీ: ఉడికించిన బంగాళాదుంప ముద్దలో సేజ్ ఆకు కలిపి, పిండిలో ముంచి వేయిస్తారు. మన ఆలూ బోండాకు అది దూరపు చుట్టం. అయితే యార్క్‌షైర్‌లో చాలా చిప్ షాపులు గొడ్డు కొవ్వులో వేయిస్తాయి. శాకాహారులు, గొడ్డుమాంసం తిననివారు ఏ నూనె వాడుతున్నారో అడిగి కొనాలి.

పని

నగరానికి తూర్పున అలెగ్జాండ్రా డాక్ దగ్గర 2016లో సీమెన్స్ గాలిమర రెక్కల కర్మాగారం మొదలైంది. తెలుగు ఇళ్లకు తెలిసిన డెట్టాల్, రాబిన్ నీలిమందుల సంస్థ రెకిట్ 1840లో ఈ ఊళ్లోనే పుట్టింది. అయినా విద్యార్థికి దొరికే పని ఎక్కువగా వృద్ధుల సంరక్షణ గృహాల్లో, గోదాముల్లో, దుకాణాల్లో, హోటళ్లలో. పెద్ద నగరంతో పోలిస్తే అలాంటి పనులు తక్కువ, వాటికోసం తిరిగేవారు ఎక్కువ. సెప్టెంబరులో వచ్చినవారికి పని దొరకడానికి నెలలు పట్టవచ్చు. అప్పటిదాకా గడిచే డబ్బు చేతిలో ఉండాలి.

డిగ్రీ, పీజీ విద్యార్థులు చదువు రోజుల్లో వారానికి 20 గంటలకు మించి పనిచేయకూడదు. ఏడాది పీజీ చేసేవారికి వేసవి కూడా చదువు రోజులే, ఎందుకంటే అప్పుడు పరిశోధనా వ్యాసం రాయాలి. స్వయం ఉపాధికి అనుమతి లేదు. సొంత ఖాతా మీద తిండి పొట్లాలు చేరవేయడం కూడా వీసా ఉల్లంఘనే. 21 ఏళ్లు నిండినవారి కనీస వేతనం 2025–26లో గంటకు 12.21 పౌండ్లు, ఆ లెక్కన 20 గంటలకు 244.20 పౌండ్లు.

ఒక నమూనా లెక్క ఇలా ఉంటుంది: వారానికి అద్దె 100, తిండి 35, గ్యాసు, కరెంటు, ఇంటర్నెట్ వాటా 20, ఫోను, బస్సు, బట్టల ఉతుకు 20, మొత్తం 175 పౌండ్లు. పూర్తి 20 గంటల పని దొరికితే హల్‌లో బతుకు ఖర్చు గడిచి కాస్త మిగులుతుంది. అదే జీతంలో చాలా భాగం లండన్‌లో గది అద్దెకే పోతుంది. కానీ ఆ మిగులుతో రుసుము కట్టడం, ఇంటి దగ్గర చేసిన అప్పు తీర్చడం సాధ్యం కాదు. అది సాధ్యమని చెప్పి పంపేవారు విద్యార్థి కుటుంబానికి అన్యాయం చేస్తున్నారు.

ఆరోగ్యం, తీరిక

వచ్చిన వారంలోనే దగ్గరి వైద్యుడి దగ్గర పేరు నమోదు చేసుకోవాలి. దానికి రుసుము లేదు. ఇంగ్లండ్‌లో వైద్యుడు రాసిన ఒక్కో మందుకు 9.90 పౌండ్లు. ఆదాయం తక్కువని దరఖాస్తు పెట్టి ధ్రువపత్రం పొందితే ఆ డబ్బు కూడా తప్పుతుంది. ఈ సంగతి తెలియక డబ్బు కడుతున్న విద్యార్థులెందరో ఉన్నారు.

పాతనగరంలో, దాని చేరువలో డబ్బు లేకుండా రోజంతా గడపవచ్చు. బ్రిటిష్ సామ్రాజ్యంలో బానిస వ్యాపార నిషేధానికి పోరాడిన విలియం విల్బర్‌ఫోర్స్ 1759లో పుట్టిన ఇల్లు, ఫెరెన్స్ చిత్రశాల, పాత వాహనాల స్ట్రీట్‌లైఫ్ ప్రదర్శనశాల: మూడింటికీ ప్రవేశం ఉచితం. 2017లో హల్ బ్రిటన్ సాంస్కృతిక నగరంగా ఏడాదంతా ఉత్సవాలు జరుపుకుంది. ఏటా అక్టోబరులో జరిగే హల్ తిరునాళ్లకు ఏడు వందల ఏళ్లు దాటిన చరిత్ర ఉంది. నవంబరు నుంచి మాత్రం సాయంత్రం నాలుగింటికే చీకటి పడుతుంది, సముద్రపు గాలి ఎముకలు కొరుకుతుంది. ఆ నెలల్లో ఒంటరితనం చదువును కూడా దెబ్బతీస్తుంది. పంచుకున్న వంటగది, వంతులవారీ వంట, పండగనాడు కలిసి తినే భోజనం అప్పుడు అందరికీ అవసరమవుతాయి.

ఎవరికి అనువు

చదువు పూర్తయ్యాక పని వెతుక్కోవడానికి ఇచ్చే గ్రాడ్యుయేట్ వీసా ప్రస్తుతం రెండేళ్లు. 2027 జనవరి 1 నుంచి దరఖాస్తు చేసే డిగ్రీ, పీజీ వారికి 18 నెలలు. పట్టభద్రులు వెతుక్కునే ఉద్యోగాల్లో ఎక్కువ భాగం లీడ్స్, మాంచెస్టర్, లండన్‌లలో ఉంటాయి. ఇంటర్వ్యూలకు వెళ్లే రైలు ఖర్చునూ ఆపై ఇల్లు మారే ఖర్చునూ మొదటి రోజు లెక్కలోనే చేర్చుకోవాలి. రుసుముకూ తొలి ఆరు నెలల బతుక్కీ డబ్బు చేతిలో ఉండి, ప్రశాంతంగా చదువుకోదలచినవారికి హల్ మంచి ఊరు. పనిచేసి సంపాదించిన దానితోనే చదువు సాగించాలనుకునేవారికి ఇక్కడి తక్కువ అద్దె ఒక్కటే సరిపోదు.