హ్యాండ్ బ్రేకు ఎన్ని పళ్ళు ఎక్కింది?



ఈసారి కిస్సా మా కారు హ్యాండ్ బ్రేకు కేబుల్‌ది. నవ్వకండి. ఆ తీగ వల్ల ఒక శుక్రవారం రాత్రి మా దస్తర్‌ఖాన్ మీద అన్నం ఎవరికీ దిగలేదు.

విజయవాడ విద్యాధరపురంలో కొండవాలు సందులో మా ఇల్లు. కారు పదహారేళ్ళది, సెకండ్ హ్యాండ్‌లో కొన్నాను. ఆ రోజు అసర్ దాటాక చిన్నదాన్ని ట్యూషన్ నుంచి తీసుకొచ్చాను. గేటు ముందు బండి ఆపి, న్యూట్రల్ చేసి, హ్యాండ్ బ్రేకు పైకంటా లాగి, గేటు తియ్యడానికి దిగాను. ఇంజను ఆపలేదు. అర నిమిషం పనే కదా!

గేటు గొళ్ళెం మీద చెయ్యి పడిందో లేదో, వెనక నుంచి "అబ్బూ!" అని కేక. తిరిగి చూస్తే కారు వెనక్కి వెళ్తోంది. నెమ్మదిగా, ఎవరో తోస్తున్నట్టు. నా వైపు తలుపు తెరిచే ఉంది. పరిగెత్తాను, అందలేదు. పక్కింటివాళ్ళు ఇల్లు కట్టుకుంటూ పోసిన ఇసుక గుట్టలో వెనక చక్రం దిగబడి బండి ఆగిపోయింది. ఆ గుట్ట తర్వాత మలుపు, మలుపులో కుళాయి. ఆ టైముకి అక్కడ బిందెలు పట్టుకుని ఆడవాళ్ళు, పిల్లలు.

చిన్నదానికి గీత కూడా పడలేదు. అల్‌హందులిల్లా. కానీ నా మోకాళ్ళు వణుకుతూనే ఉన్నాయి.

అబ్బా వసారాలో తన ప్లాస్టిక్ కుర్చీలో కూర్చుని ఉన్నాడు. అప్పుడేమీ అనలేదు. ఇషా చదివొచ్చాక నన్ను పిలిచి ఒక్కటే అడిగాడు. "ఎన్ని పళ్ళు ఎక్కింది?"

నాకర్థం కాలేదు.

"హ్యాండ్ బ్రేకు లాగితే కర్‌కర్‌మని చప్పుడొస్తుంది కదా. ఒక్కో చప్పుడు ఒక్కో పన్ను. నువ్వు లెక్క పెట్టవు. నేను ఇక్కడ కూర్చుని రోజూ వింటున్నా. రంజాన్‌కి ఎనిమిది. బక్రీద్‌కి పది. ఇప్పుడు పన్నెండు దాటింది. నీకు రెండుసార్లు చెప్పాను బేటా."

చెప్పాడు. నిజమే. "సర్వీసింగ్‌కి ఇచ్చినప్పుడు చూపిస్తాలే అబ్బా" అన్నాను. రెండుసార్లూ అదే మాట అన్నాను.

మా అబ్బా ముప్పై నాలుగేళ్ళు ఆటోనగర్‌లో పని చేశాడు. లారీల బ్రేకులు ఆయన హునర్. చూపు మందగించి, చేతులు వణకడం మొదలయ్యాక మానేశాడు. నాకు మాత్రం ఏనాడూ పానా పట్టనివ్వలేదు. చిన్నప్పుడు సెలవుల్లో షెడ్డుకి వెళ్తే గేటు దగ్గర్నుంచే ఇంటికి తరిమేవాడు. "ఈ కాలిఖ్ నా చేతులతోనే ఆగిపోవాలి" అనేవాడు. నేను చదువుకుని లెక్కల టీచర్నయ్యాను. పిల్లలకి లెక్కలు చెప్పేవాణ్ణి, మా ఇంటి బ్రేకు పళ్ళు లెక్కపెట్టలేదు.

పొద్దున్నే బండిని షెడ్డుకి తీసుకెళ్తానన్నాను. అబ్బా తల అడ్డంగా ఊపాడు.

"ఆదివారం చేద్దాం. నేను చెప్తా. నువ్వు విప్పు."

నలభై రెండేళ్ళు వచ్చాయి నాకు. అబ్బా నాతో ఆ మాట అనడం అదే మొదటిసారి.

ముందు స్థలం. మా వాకిలి వాలుగా ఉంటుంది, వాలులో జాకీ పెట్టడం ఖతర్నాక్ అన్నాడు. కింద సందులో మా ఖాలా ఇంటి వాకిలి చదునుగా సిమెంటు చేసి ఉంది. అక్కడికి ఫస్ట్ గేర్లో, బ్రేకు పెడల్ మీద కాలు తియ్యకుండా దింపాను. సామాను ఆటోనగర్‌లో అబ్బా పాత దోస్తు దగ్గర్నుంచి తెచ్చాం. మా మోడల్ కేబుళ్ళు ఎడమదీ కుడిదీ రెండూ, డ్రమ్ము మధ్యలో వేసే కొత్త నట్లు రెండు కొన్నాం. ఇనుప స్టాండ్లు రెండు, టార్క్ పానా ఒకటి అరువు. "ఒకటే పోయింది కదా, రెండెందుకు?" అన్నాను. "రెండూ ఒకే వయసువి. ఒకటి పోయిందంటే రెండోది లైన్లో నిలబడింది" అన్నాడు.

పని మొదలెట్టే ముందు నన్ను కూర్చోబెట్టి సబక్ చెప్పాడు. కాలి బ్రేకు నూనెతో పని చేస్తుంది. హ్యాండ్ బ్రేకు తీగతో పని చేస్తుంది. మా బండిలో రెండూ వెనక చక్రాల డ్రమ్ముల్లో అవే షూలని కదుపుతాయి, కానీ వచ్చే దారులు వేరు. అందుకే కాలి బ్రేకు అద్భుతంగా ఉన్నా హ్యాండ్ బ్రేకు చచ్చిపోయి ఉండొచ్చు. నేను పడ్డ ధోకా అదే. రోజూ కాలితో తొక్కితే బండి ఆగుతోంది కాబట్టి అన్నీ బాగున్నాయనుకున్నాను.

ముందు చక్రాల కింద రెండు వైపులా చెక్క దిమ్మలు పెట్టాం. వెనక చక్రాల బోల్టులు, మధ్యలో మూత తీసి పెద్ద నట్టు, బండి నేల మీద ఉండగానే వదులు చేశాం. తర్వాత జాకీతో లేపి, రెండు వైపులా స్టాండ్లు పెట్టి, బండిని వాటి మీద కూర్చోబెట్టాను. "జాకీ లేపడానికి. మొయ్యడానికి స్టాండు. జాకీ ఒక్కదాని మీదే ఉన్న బండి కింద చెయ్యి కూడా పెట్టకు" అన్నాడు అబ్బా. ఈ మాట చెప్తున్నప్పుడు ఆయన గొంతు మారింది. ఆటోనగర్‌లో ఆయన ఏం చూశాడో నేను అడగలేదు.

హ్యాండ్ బ్రేకు కిందికి దించి, సీట్ల మధ్య ప్లాస్టిక్ డబ్బా విప్పాను. లివరు వెనక చిన్న ఇనుప ముక్క ఉంది, రెండు కేబుళ్ళూ దానికే తగులుకుని ఉన్నాయి. తరాజు కాడలాగా అది లాగుడుని రెండు చక్రాలకీ సమానంగా పంచుతుంది. దాని ముందు బిగించే నట్టు.

"నట్టు తర్వాత మర ఎంత మిగిలింది?" బయట నుంచి అడిగాడు అబ్బా.

టార్చి వేసి చూశాను. ఏమీ మిగల్లేదు. నట్టు మర చివరిదాకా వెళ్ళిపోయి ఉంది.

అది ఎవరు బిగించారో నాకు తెలుసు. రెండేళ్ళలో రెండుసార్లు షెడ్డులో బిగించారు. రెండోసారి అక్కడి కుర్రాడు "కేబుల్ మార్చాలి సార్" అన్నాడు కూడా. "ఇప్పటికి బిగించెయ్ బాబూ" అన్నది నేనే. అరిగిన కేబుల్‌ని నట్టుతో లాగి పెడితే కొన్నాళ్ళు బాగైనట్టే ఉంటుంది. లోపల తీగ పోగు పోగుగా తెగుతూనే ఉంటుంది. అబ్బాకి అబద్ధం చెప్పలేక ఉన్నది చెప్పాను. ఆయన కాసేపు ఊరుకుని, "నట్టు పూర్తిగా వదులు చెయ్. కేబుల్ కొస కొక్కెం నుంచి తప్పించు" అన్నాడు. అంతే.

చక్రం తీశాక డ్రమ్ము రాలేదు. తుప్పు పట్టుకుపోయింది. గట్టిగా ఒకే చోట కొట్టొద్దన్నాడు. చుట్టూ తిప్పుతూ రబ్బరు సుత్తితో మెల్లగా తడుతూ, అటూ ఇటూ ఆడిస్తూ పావుగంటకి లాగాం. లోపలంతా నల్లటి దుమ్ము. నోటితో ఊదబోయాను. "నక్కో!" అని అరిచాడు. పాత లైనర్ల దుమ్ము ఊపిరితిత్తులకి జహర్. తడి గుడ్డతో తుడిచి, ఆ గుడ్డ కవర్లో కట్టి పారెయ్యాలి. "మా రోజుల్లో గాలి కొట్టేవాళ్ళం. అందుకే రాత్రంతా దగ్గుతాను" అన్నాడు నవ్వుతూ. నాకు నవ్వు రాలేదు.

నెలవంకల్లా రెండు షూలు, వాటి మధ్య స్ప్రింగులు. ఒక షూ వెనక చిన్న లివరు, దానికి కేబుల్ కొస తగులుకుని ఉంటుంది. ఒక వైపు పని పూర్తయ్యేదాకా రెండో వైపు విప్పకూడదన్నది అబ్బా ఖాయిదా. ఏ స్ప్రింగు ఎటో మర్చిపోతే అటు వెళ్ళి చూసుకోవచ్చు. నేను ఫోన్లో ఫోటో కూడా తీసుకున్నాను. ఈ ఒక్క విషయంలో అబ్బా నన్ను మెచ్చుకున్నాడు.

కేబుల్ తొడుగు చక్రం వెనక రేకు రంధ్రంలో విచ్చుకున్న కాళ్ళతో ఇరుక్కుని ఉంటుంది. పట్టకారుతో ఒక కాలు నొక్కితే ఇంకో కాలు విచ్చుకుంటోంది. చెమటలు కారుతున్నాయి. అబ్బా లేచి వచ్చి, సంచిలో చేత్తో తడిమి, సరిపోయే రింగు పానా ఒకటి తీసి ఇచ్చాడు. దాన్ని ఆ కాళ్ళ మీదుగా తోస్తే అన్నీ ఒకేసారి ముడుచుకున్నాయి. తొడుగు సుళువుగా బయటికొచ్చేసింది. చూపు లేకపోయినా ఆ వేళ్ళకి పానా సైజు తెలుసు.

బండి కింద కేబుల్‌ని పట్టుకున్న క్లాంపులు విప్పి, పాతది మొత్తం లాగి ఖాలా గట్టు మీద పెట్టాం. అబ్బా దాన్ని వేళ్ళతో తడుముతూ పోయాడు. వెనక చక్రం నీళ్ళు చిమ్మే చోట ఆగాడు. అక్కడ పైతొడుగు పగిలింది. వానాకాలం నీళ్ళు లోపలికి దిగి తుప్పు పట్టింది. కట్టర్‌తో తొడుగు చీల్చి చూశాను. తీగ పోగులు ముళ్ళల్లా విరిగి ఉన్నాయి. తెగకుండా ఉన్నవి నాలుగో ఐదో.

చిన్నది వేలు పెట్టబోతే చెయ్యి పట్టుకుని ఆపాను. మొన్న దాన్ని పట్టి ఉంచాల్సినవి ఆ పోగులే.

ఖాలా చాయ్ తెచ్చి, తీగ చూసి, "అల్లా బచాలియా" అంది.

"హా, అల్లాయే కాపాడాడు" అన్నాడు అబ్బా. "కానీ ఒంటెని కట్టేశాక చేసేది తవక్కుల్. మనం తాడు తెగిందని తెలిసి కూడా కట్టాం."

"మనం" అన్నాడు. నన్నొక్కణ్ణే అనలేదు.

కొత్త కేబుల్ పాతది వెళ్ళిన దారిలోనే వెళ్ళాలి. సైలెన్సర్ పైపుకి తగలకూడదు, ఎక్కడా మెలి తిరగకూడదు, క్లాంపు ఒక్కటి కూడా వదలకూడదు. షూల లైనర్ మీద గ్రీజు చుక్క కూడా పడకూడదని చేతులు రెండుసార్లు కడిగించాడు. డ్రమ్ములు ఎక్కించి, మధ్యలో కొత్త నట్లు పెట్టి, చక్రాలు తొడిగాం. ఆ నట్లు ఎంత బిగించాలో మాన్యువల్లో ఉంటుంది. బండి నేల మీదికి దించాక ఆ లెక్కకి టార్క్ పానాతో బిగించి నట్టు అంచుని గాడిలోకి నొక్కాలి.

దించే ముందే సర్దుబాటు పని. ముందు కాలి బ్రేకు చాలాసార్లు తొక్కించాడు, షూలు డ్రమ్ముకి దగ్గరగా జరగడానికి. తర్వాత లివరు గట్టిగా నాలుగైదుసార్లు లాగించాడు, కొత్త తీగ కుదురుకోవడానికి. అప్పుడు నట్టు. కొంచెం బిగించడం, లాగడం, వినడం. అబ్బా కుర్చీలో కళ్ళు మూసుకుని విన్నాడు. "తొమ్మిది. ఇంకొంచెం." "ఏడు. ఇంకా." "ఆరు. బస్." లివరు దించి వెనక చక్రాలు రెండూ చేత్తో తిప్పమన్నాడు. రాపిడి లేకుండా తిరగాలి. మరీ బిగిస్తే బ్రేకు పట్టుకునే ఉండి డ్రమ్ము కాలిపోతుంది. నట్టు ముందు మర ఈసారి చాలా మిగిలి ఉంది.

మగ్రిబ్‌కి ముందు మా వాలు ఎక్కించాం. వెనక ఎవరూ లేకుండా చూసుకుని, కాలు పెడల్ మీదే ఉంచి, హ్యాండ్ బ్రేకు లాగి, కాలు మెల్లగా తీశాను. బండి చిన్నగా ఒక్కసారి ఊగి ఆగింది. వెనక చక్రం పక్కన సుద్దతో గీసిన గీత దగ్గరే ఉంది.

మీలో కొందరికి ఈ పని ఇంట్లో చేసే ఉద్దేశం ఉండొచ్చు. చదునైన నేల, స్టాండ్లు, మీ మోడల్ మాన్యువల్, పక్కన తెలిసిన ఉస్తాద్, ఇవన్నీ ఉంటేనే ముట్టుకోండి. వెనక డిస్కులున్న బండ్లు, బటన్‌తో పనిచేసే బ్రేకులు వేరే రకం, వాటి జోలికి పోకండి. కానీ లెక్క పెట్టడానికి ఎవరూ అక్కర్లేదు. ఈ రాత్రే లివరు లాగి వినండి. మునుపటికన్నా పళ్ళు పెరిగాయంటే, "ఇప్పటికి బిగించెయ్" అనకండి. విప్పించి చూడండి. బిగించినా సరే, వాలులో ఆపినప్పుడు గేరు వెయ్యండి, బండి జారినా రోడ్డు మధ్యలోకి కాకుండా అంచుకే పోయేలా చక్రం తిప్పండి.

ఇంట్లో పెద్దవాళ్ళు వసారాలో కూర్చుని ఏదైనా చెప్తే, "చూద్దాంలే" అనే ముందు ఒకసారి ఆగండి. నాకు ఇసుక గుట్ట దొరికింది.

ఇప్పుడు రోజూ సాయంత్రం గేటు ముందు బండి ఆపి, ఇంజను ఆపి, గేరు వేసి, హ్యాండ్ బ్రేకు లాగుతాను. చిన్నది దిగేదాకా నేను దిగను. వసారాలోంచి అబ్బా గొంతు వినబడుతుంది.

"ఆరు."

ఖుదా హాఫిజ్.