పాట కూడు పెడుతుందా?

నాగయ్యగారంటే మీకు ఎవరు గుర్తొస్తారు? పాత సినిమాల్లో కళ్ళనీళ్ళు పెట్టుకునే ముసలి తండ్రే కదూ! ఆయన సంగీత దర్శకుడని మనలో ఎంతమందికి తెలుసు చెప్పండి?

1904లో గుంటూరు జిల్లాలో పుట్టినా, మా చిత్తూరు రామవిలాస సభ నాటకాల్లో పాడి పేరు తెచ్చుకోవడంతో మా ఊరి పేరే ఆయనకు ఇంటిపేరులా స్థిరపడిపోయింది. 1938లో 'గృహలక్ష్మి'తో సినిమాలకు వచ్చారు. మరుసటి ఏడాదే 'వందేమాతరం'లో హీరో ఆయనే, సంగీతమూ ఆయనదే. 1941లో 'దేవత'కు కూడా బాణీలు కట్టారు. ఇక 1946లో 'త్యాగయ్య' సంగతి చెప్పాలా! తీసిందీ, నడిపిందీ, నటించిందీ, పాడిందీ, సంగీతం కూర్చిందీ అన్నీ ఆయనే. 1965లో పద్మశ్రీ కూడా వచ్చింది.

ఇదంతా ఎందుకు చెబుతున్నానంటే, ఇంటర్ పూర్తయిన మా అమ్మాయి తిరుపతిలో శ్రీ వేంకటేశ్వర సంగీత నృత్య కళాశాలలో చేరతానంటోంది. ఎప్పటికైనా టీవీ సీరియల్‌కో, సినిమాకో సంగీతం చెయ్యాలని దాని ఆశ. మా ఆయనేమో "పాట కూడు పెడ్తుందా? అంతటి నాగయ్య కడాకు ఎట్లయినాడో తెలీదా?" అని ఒక్క మాటతో కొట్టేశారు.

నాగయ్యగారు చివరి రోజుల్లో ఇబ్బంది పడిన మాట నిజమే. చిన్న చిన్న వేషాలు వేసుకుంటూ 1973లో కన్నుమూశారు. కానీ ఆయనకు అన్యాయం చేసింది పాట కాదు. పాట ఆయనకు దండిగానే పెట్టింది. సొంత సినిమాలకు పోసింది కొంత, అడిగినవాళ్ళకు లేదనకుండా ఇచ్చింది కొంత. అంత సంపాదించిన మనిషి తనకంటూ నాలుగు రాళ్ళు దాచుకోలేదు.

సంపాదన లేకపోవడం వేరు, సంపాదించింది నిలవకపోవడం వేరు. పాల లెక్క, చీటీ లెక్క రాసుకునే మనకు ఈ తేడా ఒకరు చెప్పాలా? మా ఆయనతో అదే అన్నాను. స్వరాలు కాలేజీవాళ్ళు నేర్పుతారు, జమాఖర్చు నేను నేర్పుతాను అన్నాను. వారింకా ఔననలేదు, కాదనీ అనలేదు.

మీ ఇంట్లోనూ పాటంటే ప్రాణమిచ్చే పిల్లలుంటే, వాళ్ళను బెదిరించడానికి మాత్రం నాగయ్యగారి పేరు ఎత్తకండి. ఒకరోజు కూర్చోబెట్టి 'త్యాగయ్య' పాటలు వినిపించండి. ఆ మర్నాడు బ్యాంకుకు తీసుకెళ్ళి వాళ్ళ పేర ఒక ఖాతా తెరవండి. రెండూ మనం చెయ్యగలిగిన పనులే!