ఝిట్కు, మిట్కీ

విజయనగరంలో ఎక్కిన రైలు రాయగడ, టిట్లాగఢ్ మీదుగా నన్ను భిలాయ్ పవర్‌హౌస్‌లో దింపింది. ఇక్కడి ఉక్కు కర్మాగారంలో మొదటి బ్లాస్ట్ ఫర్నేస్ 1959లో మొదలైంది. పనికోసం వచ్చి స్థిరపడిన ఉత్తరాంధ్ర కుటుంబాలు ఎన్నో. సెక్టార్ 5 బాలాజీ గుడి దగ్గర నిలబడితే మన యాసే వినిపిస్తుంది.

నేను దిగిన ఇంట్లో ఇత్తడి బొమ్మల జంట ఒకటుంది. మట్టి ముద్ద మీద మైనం తీగలు చుట్టి, ఆ మైనం కరిగిన చోట లోహం పోసి చేసే బస్తర్ పోతపని. పిల్ల చేతిలో గంప.

"ఝిట్కు, మిట్కీ. మా అల్లుడిచ్చాడు బాబూ, ఆళ్లది కొండగాం" అంది పెద్దమ్మ.

కథ అల్లుడే చెప్పాడు. ఏడుగురు అన్నల ముద్దుల చెల్లి మిట్కీ. ఆమెను వదల్లేక, ఆమె మనసిచ్చిన ఝిట్కును ఇల్లరికం తెచ్చుకున్నారు. ఊరి చెరువులో నీరు నిలవలేదు. నరబలి కావాలన్నాడు మంత్రగాడు. అడిగే దిక్కులేని పరాయివాడు ఇంట్లోనే ఉన్నాడు! అతన్ని చంపి చెరువుకిచ్చారు. చెరువు నిండింది. మొగుణ్ని వెతుక్కుంటూ వచ్చిన మిట్కీ ఆ నీళ్లలోనే దూకింది. ఇప్పుడు వాళ్లు దేవతలు: అతను ఖోడియా రాజా, ఆమె గప్పాదేయి. ఊరూరికీ కథ కొంచెం మారుతుందట.

వింటుంటే నాకు బుక్కరాయసముద్రం చెరువు గుర్తొచ్చింది. తెగబోయే ఆ చెరువుకట్ట కోసం ప్రాణమిచ్చిన బసిరెడ్డి చిన్నకోడలు ముసలమ్మ కథను కట్టమంచి రామలింగారెడ్డి కాలేజీ రోజుల్లోనే కావ్యంగా రాశారు. వాననీటి మీద బతికే ఊళ్లకు చెరువే ప్రాణం. అది పోతే ఎలా అన్న భయంలోంచే రెండు కథలూ పుట్టి ఉంటాయి. కానీ ముసలమ్మ తనకై తాను నడిచి వెళ్లింది. ఝిట్కును ఎవరూ అడగలేదు. అందుకే నన్ను ఈ కథే ఎక్కువ కలచివేసింది. తాము చంపినవాణ్ని దేవుణ్ని చేసుకోవడం తప్పు కడుక్కోవడమే కావచ్చు. మిట్కీని అతని పక్కనే నిలబెట్టడం మాత్రం న్యాయం. అన్నలు లాక్కున్న మొగుణ్ని జనం ఆమెకు తిరిగిచ్చారు.

"ఆ అన్నల బొమ్మలు ఎవరూ పొయ్యరు" అన్నాడు అల్లుడు.

అతను బయటికెళ్లాక పెద్దమ్మను అడిగాను, మీ అమ్మాయి పెళ్లికి ఇంట్లో ఒప్పుకున్నారా అని.

"మా పెద్దోడు యాడాది మాటాడనేదు బాబూ."

"ఇప్పుడు?"

"ఇద్దరిదీ ఒకటే షిఫ్టు. ఒకటే బండిమీద ఎల్తారు."