మిషిగన్ అవెన్యూ దక్షిణ ప్రస్థానం

షికాగో నదిపై 1920లో కట్టిన వంతెనను దాటిన మిషిగన్ అవెన్యూ తూర్పున సరస్సు తీరపు ఉద్యానాన్నీ, పడమర ఎత్తైన భవనాల బారునూ ఒరుసుకుంటూ నేరుగా దక్షిణానికి సాగుతుంది. నది ఒడ్డున ఉన్న 1923 నాటి లండన్ గ్యారంటీ భవనానికి నమూనా గీసిన ఆల్ఫ్రెడ్ ఆల్షులర్, ఇదే వీధిలో సుమారు రెండున్నర మైళ్ళ దూరాన హడ్సన్, మార్మన్ కార్ల విక్రయశాలలకు కూడా వాస్తుశిల్పి కావడం గమనించదగిన విషయం. వివేకానందుడు 1893లో ప్రసంగించిన ఆర్ట్ ఇన్‌స్టిట్యూట్ ముందు ఆ వీధి భాగానికి ఆయన గౌరవార్థం పెట్టిన పేరు ఉంది. ఆ తరువాత 1927లో స్టీవెన్స్ హోటల్ పేరుతో తెరిచిన భవనం వస్తుంది. దానికి నమూనా గీసిన హోలాబర్డ్ అండ్ రోష్ సంస్థ కూడా అంతకుముందే ఈ వీధిలో కార్ల విక్రయశాలలకు నమూనాలు గీసింది.

కారు వ్యాపారపు తొలి ఆనవాళ్ళు పన్నెండో వీధి, అంటే నేటి రూజ్‌వెల్ట్ రోడ్డు, దాటాకనే కనిపిస్తాయి. 1444 నంబరు దగ్గర ఫోర్డ్ కంపెనీ 1905లోనే విక్రయశాల తెరిచింది. ఆ చోటును ఎంచుకోవడానికి బలమైన కారణాలు ఉన్నాయి. ఒక వీధి పడమరగా, వాబాష్ అవెన్యూలో ఉన్న కొలీసియం ప్రదర్శనశాలలో 1901 నుంచి మోటారు వాహనాల ప్రదర్శనలు జరిగేవి. తూర్పున ప్రైరీ అవెన్యూలో మార్షల్ ఫీల్డ్, జార్జ్ పుల్‌మన్ వంటి కోటీశ్వరుల భవంతులు ఉండేవి. పైగా మిషిగన్ అవెన్యూ అప్పట్లో బులెవార్డు, అనగా ఉద్యానవన అధికారుల నిర్వహణలో ఉంటూ, బరువైన సరకు బండ్లను అనుమతించని విశాలమైన విహార రహదారి. గుంటలు లేని బాటపై కారు నడిపి చూపించగల చోటు, కారు కొనగల వారి ఇళ్ళకు దగ్గరలోనే దొరకడం ఆ కాలపు వర్తకుడికి పెద్ద వరం.

2000 నంబరు దగ్గర, తొలుత ఆవిరి కార్లు తయారుచేసిన లోకోమొబైల్ కంపెనీ విక్రయశాల నేడు నివాస గృహాలుగా మారింది. ఇరవై రెండో వీధి, అంటే నేటి సర్మాక్ రోడ్డు, దాటిన తరువాత ‘మోటార్ రో’ అని పిలిచే అసలు పేట చిక్కనవుతుంది. ఒక దశలో 116 రకాల దాకా కార్లు ఇక్కడ అమ్ముడయ్యేవని చెబుతారు. భవనాల ముఖాలకు తాపడం చేసిన టెర్రాకోట, అంటే అచ్చుల్లో ఒత్తి, మెరుపు పూత వేసి కాల్చిన మట్టి పలకలు, రాతి చెక్కడాల వైభవాన్ని తక్కువ ఖర్చుతో ఇచ్చింది. అయితే ఈ కట్టడాల నిజమైన నేర్పు ఆ అలంకారాల వెనుక ఉంది: నేల అంతస్తులో నిలువెత్తు అద్దాల వెనుక ఎత్తైన పైకప్పుతో ప్రదర్శనశాల, పై అంతస్తుల్లో మరమ్మతులు, నిల్వ, కార్లను మోసుకుపోయే లిఫ్టు, వాటి బరువుకు కుంగని విధంగా ఉక్కు ఊచలు పొదిగి పోసిన కాంక్రీటు అంతస్తులు. రాజప్రాసాదంలా కనిపించే ముంగిలి వెనుక దాగినది నిజానికి ఒక కర్మాగారమే.

ఆ వైభవం ఎంతోకాలం నిలవలేదు. 1930ల ఆర్థిక మాంద్యంలో చిన్న తయారీ సంస్థలు మూతపడగా, రెండవ ప్రపంచ యుద్ధం తరువాత కొనుగోలుదారులు శివార్లకు తరలిపోవడంతో, వర్తకులు కూడా కార్లను ఆరుబయట వరుసగా నిలిపే విశాల స్థలాలు వెతుక్కుంటూ వారి వెంటే వెళ్ళారు. ఊరు విడిచి దూరాన నివసించే వెసులుబాటును ఇచ్చింది ఇక్కడ అమ్మిన కార్లే. ఖాళీ అయిన ఈ బారులోకి కొత్తవారు వచ్చారు. 2120 నంబరులో చెస్ రికార్డ్స్ సంస్థ 1950ల చివర నుంచి గాయకులు మడ్డీ వాటర్స్, చక్ బెర్రీల పాటలు రికార్డు చేయగా, 2400 నంబరులో 1936లో ఆటోమొబైల్ క్లబ్బుకోసం వాస్తుశిల్పి ఫిలిప్ మేహర్ రూపొందించిన భవనం తరువాత నల్లజాతి ప్రజల ప్రముఖ పత్రిక షికాగో డిఫెండర్‌కు కార్యాలయమయింది.

నగర ప్రభుత్వం 2000 డిసెంబరులో ఈ పేటను చారిత్రక ప్రాంతంగా ప్రకటించింది. అటువంటి గుర్తింపు ముఖభాగాలను కాపాడగలదే గాని లోపల వ్యాపారాన్ని తేలేదు. కనుక ఈ భవనాలు నిలవాలంటే వాటి విశాలమైన అంతస్తులను నిత్యం వాడుకునే అద్దెదారులే ముఖ్యం.