గీతకీ గోడకీ మధ్య

సాఫ్ట్‌వేర్ ఉద్యోగంలో కొన్నేళ్ళు గడిస్తే ఒక హోదా వస్తుంది: ఆర్కిటెక్ట్. ఇటుక ముట్టుకోని మనిషికి ఆ పేరేమిటని ఎవరూ అడగరు. బోర్డు మీద నాలుగు డబ్బాలు గీసి, మధ్యలో బాణాలు వేసి, "ఇదీ సిస్టమ్" అంటాం. దాన్ని కోడ్‌గా రాసేది వేరేవాళ్ళు. ఆ బొమ్మకీ, చివరికి నడిచే ప్రోగ్రాముకీ మధ్య దారిలో ఏం జరుగుతుంది? ఈ సందేహంతోనే నేను అసలు ఆర్కిటెక్టుల పుస్తకాల వైపు వెళ్ళాను. అక్కడ దొరికినవాడు రాబిన్ ఎవాన్స్.

ఎవాన్స్ (1944-1993) ఇంగ్లండుకి చెందిన వాస్తుకళా చరిత్రకారుడు. లండన్‌లోని ఆర్కిటెక్చరల్ అసోసియేషన్ స్కూల్లో చదివి, అక్కడే పాఠాలు చెప్పాడు. హార్వర్డ్‌లోనూ బోధించాడు. యాభై నిండకుండానే పోయాడు. పెద్ద పుస్తకం 'ద ప్రొజెక్టివ్ కాస్ట్' అతను పోయాక 1995లో వచ్చింది. రాసింది తక్కువే. కానీ దాదాపు అన్నిటి వెనకా ఒకటే ప్రశ్న: కాగితం మీది గీత భవనం అయ్యేలోపు ఏం పోతుంది, ఏం వచ్చి చేరుతుంది?

1986లో రాసిన వ్యాసంలో ఈ ప్రశ్నని సూటిగా వేశాడు. చిత్రకారుడు తన బొమ్మ మీదే చెయ్యి పెట్టి పనిచేస్తాడు. శిల్పి కూడా చివరికి రాయి దగ్గరికే వెళ్తాడు. ఆర్కిటెక్ట్ మాత్రం భవనాన్ని తాకడు. అతని పనంతా డ్రాయింగు మీదే. అంటే అది అనువాదం లాంటి పని. అనువాదంలో మాటలు చెక్కు చెదరకుండా ఒడ్డు చేరతాయని అనువాదకులెవరూ నమ్మరు కదా! ఆర్కిటెక్టులు మాత్రం గీత యథాతథంగా గోడ అవుతుందన్నట్టు మాట్లాడతారు. ఎవాన్స్ పట్టుకున్నది ఆ నమ్మకాన్నే.

దీనికి అతనిచ్చిన ఒక ఉదాహరణ నాకు చాలా ఇష్టం. బొమ్మ గీయడం ఎలా పుట్టిందో చెప్పే పాత రోమన్ కథ ఒకటుంది. ఊరొదిలి వెళ్తున్న ప్రియుడి నీడని ఒక అమ్మాయి గోడ మీద గీసుకుంటుంది. 1773లో డేవిడ్ అలన్ అనే చిత్రకారుడు దీన్ని గదిలో, దీపం వెలుగులో, ఇద్దరు మనుషులతో చిత్రించాడు. 1830లో షింకెల్ అదే కథని ఆరుబయట, ఎండలో, గుంపు మధ్య వేశాడు. గీసేది రాతి మీద. షింకెల్ ప్రధానంగా ఆర్కిటెక్ట్. గోడ లేదు, ఇల్లు లేదు. ఎందుకంటే అతని వృత్తిలో గీత ముందు, గోడ తర్వాత. రెండు బొమ్మలు పక్కపక్కన పెట్టి ఇంత రాబట్టడం విమర్శ రాసేవాళ్ళు నేర్చుకోవాల్సిన విద్య.

ఎవాన్స్ ఊహలతో ఆగిపోయే రకం కాదు, సరిచూసే రకం. ఫ్రాన్స్‌లోని ఆనే కోటలో 16వ శతాబ్దంలో ఫిలిబెర్ దెలోర్మ్ కట్టిన ప్రార్థనా మందిరం ఉంది. గుమ్మటం లోపల మెలికలు తిరిగే రాతి అల్లిక, కింద నేల మీద అలాంటి అల్లికే. పైనున్నదాని నీడే కిందపడిందని అందరూ రాశారు. కట్టిన దెలోర్మే అలా చెప్పుకున్నాడు. ఎవాన్స్ గీతలు ఎక్కడెక్కడ ఖండించుకుంటున్నాయో పైనా కిందా పోల్చి చూశాడు. రెండూ కుదరలేదు. డాక్యుమెంటులో రాసింది నమ్మకుండా కోడ్ తెరిచి చూసే సహోద్యోగి గుర్తొచ్చాడు నాకు.

అయితే నన్ను ఎక్కువ కుదిపింది అంతకుముందు 1978లో తలుపుల గురించీ కారిడార్ల గురించీ రాసిన వ్యాసం. రఫేల్ గీసిన విల్లా మదామా ప్లాను చూపిస్తాడు. ఏ గదికి చూసినా పక్కగదుల్లోకి తలుపులే. ఎక్కడికెళ్ళాలన్నా మనుషుల మధ్యనుంచే వెళ్ళాలి. తర్వాత 17వ శతాబ్దపు ఇంగ్లండులో, దొరల కళ్ళకి నౌకర్లు కనపడకుండా తిరగడానికి ఇళ్ళల్లో కారిడార్ వచ్చింది. 19వ శతాబ్దానికల్లా గదికి ఒకే తలుపుండటం మర్యాద, ఎక్కువుంటే అసౌకర్యం అయిపోయింది. మనకి సహజంగా అనిపించే ఏకాంతం ప్లాన్లలో కొన్ని తరాలపాటు గీస్తూ తయారుచేసినదే అంటాడు ఎవాన్స్. ఇంగ్లండు జైళ్ళ మీద 1982లో తెచ్చిన పుస్తకంలోనూ ఇదే చూపు. మనుషుల్ని ఒకరికొకరిని ఎడం చేసే పనిని అక్కడ ప్లానే చేసింది.

ఇది చదువుతున్న రోజుల్లోనే అమ్మ ఊరినుంచి మా ఫ్లాటుకి వచ్చి ఉంటోంది. తను పెరిగింది మండువా లోగిలిలో. నాలుగు వైపులా గదులు, అన్నిటి తలుపులూ మండువాలోకే. మా ఫ్లాటులో సన్నటి కారిడార్, అటో రెండు గదులు, ఇటో గది. "ఏరా, ఇంట్లో ఎవరున్నారో ఎవరు లేరో తెలియట్లేదు, సత్రంలా ఉంది" అంది ఒకరోజు. నేను పనిలో పడి పట్టించుకోవట్లేదన్న నిష్ఠూరంగా తీసుకోవచ్చు, అందులో అదీ ఉంది. కానీ ఆ మాట ప్లాను మీద విమర్శ కూడా. హాల్లోంచి నా గదికి వెళ్ళాలంటే అమ్మ గది దాటక్కర్లేదు. మేం ఎదురుపడాలంటే పనిగట్టుకుని లేచి వెళ్ళాలి.

అలాగని ఎవాన్స్ కారిడార్‌ని తిట్టి, పాతిళ్ళని పొగిడి ఊరుకోడు. మండువా ఇంట్లో ఒక్క క్షణం ఒంటరిగా ఏడ్చుకునే చోటు ఉండేది కాదని అమ్మే చెప్పింది. ప్రతి ప్లానూ ఒకటిచ్చి ఒకటి తీసుకుంటుంది. కాగితం మీద ఇచ్చింది కనిపిస్తుంది, తీసుకున్నది కనిపించదు. బ్రోషర్లో చదరపు అడుగులుంటాయి. రోజుకి ఎన్నిసార్లు ఒకరికొకరు తారసపడతారన్నది ఉండదు.

ఒక్కచోట మాత్రం నాకు అసంతృప్తి. గీసేవాడి మీద పెట్టినంత శ్రద్ధ ఎవాన్స్ కట్టేవాడి మీద పెట్టడు. మన మేస్త్రీలు పునాది తవ్వేముందు నేల మీద ముగ్గు పోస్తారు. అది అసలు కొలతలోనే వేసిన డ్రాయింగు. ఇంటావిడ ఆ గీతల మధ్య నిలబడి, "ఇక్కడ మంచం పడుతుందా?" అని అడిగేది అప్పుడే. గీతకీ గోడకీ మధ్య అలాంటి మజిలీలు ఇంకా ఉన్నాయి. వాటి గురించి మనవాళ్ళెవరైనా ఇదే ఓపికతో రాయాలి.

ఎవాన్స్‌ని కొత్తగా చదవాలనుకుంటే పెద్ద పుస్తకంతో మొదలుపెట్టకండి. అందులో జ్యామితి గట్టిది. ముందు ఆ తలుపుల వ్యాసం చదవండి. చదివాక మీ ఇంటి ప్లాను తీసి, ఏ గదినుంచి ఏ గదికి ఎవరిని దాటకుండా వెళ్ళొచ్చో వేలితో గీసి చూడండి.