గళ్ళట్టు

చాలా రోజుల తరువాత ఈ పుట తెరిచాను. మిత్రులు మన్నించాలి. పద్యమో, ప్రబంధ ప్రస్తావనో, కనీసం ఒక సమస్యాపూరణమో ఆశించి వచ్చినవారికి ఈసారి నేను వడ్డించబోయేది వాఫుల్. సరిగానే చదివారు. ముప్పై అయిదేళ్ళు సంధులూ సమాసాలూ బోధించి విశ్రాంతి తీసుకుంటున్న ఒక తెలుగు పండితుడు, చల్లపల్లిలో తన వంటింట్లో పోత ఇనుప పెనంతో కుస్తీ పట్టిన వైనమిది.

మా అమ్మాయి సంసారం అమెరికాలో, డాలస్‌లో. ఈ వేసవి సెలవులకు వచ్చి, తొమ్మిదేళ్ళ కూతురిని మా వద్ద ఉంచి, పని మీద పది రోజులు హైదరాబాదు వెళ్ళింది. మనుమరాలు మూడు రోజులు నేను పెట్టిన ఇడ్లీ మర్యాదగా తిన్నది. నాలుగవనాడు పళ్ళెం ముందు కూర్చుని, "తాతయ్యా, వాఫుల్ లేదా?" అన్నది. పిల్లకు తెలుగు అర్థమవుతుంది. మాట్లాడడం మాత్రం ఇటువంటి అత్యవసర పరిస్థితుల్లోనే.

దానికి అలవాటైనది గడ్డకట్టిన వాఫుల్. 1953లో అమెరికా అంగళ్ళకు వచ్చి, తరువాత ఎగో అన్న పేరుతో ప్రసిద్ధికెక్కిన సరుకు. పెట్టెలోంచి తీసి రొట్టెలు కాల్చే యంత్రంలో పడవేస్తే అయిపోతుంది. ఆదివారాలు మాత్రం వాళ్ళమ్మ పిండి కలిపి వేస్తుందట. ఈ సంగతి తెలిసే కాబోలు, మా అమ్మాయి ఒక వాఫుల్ పెనం కూడా మోసుకొచ్చింది. విద్యుత్తుతో నడిచేది కాదు. అక్కడి విద్యుత్తు 120 వోల్టులు, ఇక్కడ 230. ఆ యంత్రం ఇక్కడ తగిలిస్తే వాఫుల్ కంటే ముందు అదే మాడుతుంది. అందుకని పొయ్యి మీద పెట్టుకునే పోత ఇనుప పెనం తెచ్చింది. రెండు పలకలు, మధ్య కీలు, పొడుగాటి పిడులు. తెరిస్తే లోపల చదరపు గళ్ళు. పుస్తకం వలె మూసి, అటూ ఇటూ తిప్పి కాల్చాలి. 1869 ఆగస్టు 24న న్యూయార్కు రాష్ట్రంలోని ట్రాయ్ నగరవాసి కార్నీలియస్ స్వార్ట్‌వౌట్ ఇటువంటి పెనానికే పేటెంటు పొందాడు. ఆ తేదీని అమెరికావారు నేటికీ వాఫుల్ దినంగా జరుపుకుంటారు.

ఇక్కడ మా ఇంటి స్థితి కొంత చెప్పక తప్పదు. మూడేళ్ళ క్రితం మా ఆవిడకు పక్షవాతం వచ్చి కుడిచేయి స్వాధీనం తప్పింది. మాట నిలిచింది, నడక చేతికర్రతో తిరిగి వచ్చింది, చేయి మాత్రం పూర్తిగా రాలేదు. నాటి నుండి వంటింటి బాధ్యత నాది. అంతకు మునుపు నాకు వచ్చిన పాకాలు రెండే, ద్రాక్షాపాకం, నారికేళపాకం. ఉప్పు ఎక్కడుంటుందో తెలియని వాణ్ణి పప్పుచారు దాకా ఎదిగాను. నన్ను బాధించినది పని కాదు. ఆవిడ మౌనం. ఒకప్పుడు పెళ్ళి విందులో సైతం పులిహోరకు వంక పెట్టగల మనిషి, నేను వండినది ఏదైనా తలవంచుకుని తిని లేచేది. బాగున్నదనదు, బాగులేదనదు. కుర్చీ తెచ్చి వంటింట్లో వేసి, "దగ్గరుండి చెప్పవోయ్" అని ఎన్నోసార్లు అడిగాను. "మీరు చేస్తున్నారుగా, ఇంకేం చెప్పను" అని వరండాలోకి వెళ్ళిపోయేది. ఉప్పు మరచిపోయిన చారును కూడా అలాగే త్రాగిందని తరువాత నేను నోట పెట్టుకుంటే గాని తెలియలేదు.

సరే, వాఫుల్. పండితుణ్ణి కదా, పిండి కంటే ముందు పదం పట్టుకున్నాను. ఇంగ్లీషువారికి ఇది డచ్చి భాష నుంచి వచ్చింది, అక్కడ వాఫెల్. జర్మను భాషలో తేనెపట్టును వాబె అంటారు. రెండింటికీ మూలమొకటే, నేతకు సంబంధించిన ధాతువు. పెనం తెరిచి ఆ గళ్ళు చూస్తే తేనెపట్టు అన్న పోలిక ఎంత సహజమో తెలుస్తుంది. స్వీడన్ దేశపు ముచ్చట ఇంకా బాగున్నది. అక్కడ మార్చి 25 మేరీమాత పండుగ, వోర్‌ఫ్రూడాగెన్. జనం నోళ్ళలో నలిగి అది వోఫెల్‌డాగెన్‌గా వినిపించింది. వోఫెల్ అంటే వాఫుల్. అంతే, ఆ రోజున దేశమంతా వాఫుళ్ళు తినడం ఆచారమైంది! ఉచ్చారణదోషం వల్ల ఒక జాతికి ఫలహారం దొరికిన ఉదాహరణ మా తరగతి గదిలో చెప్పడానికి అప్పట్లో నాకు తెలిసి ఉంటే ఎంత బాగుండేది.

డచ్చివారు మనకు పరాయివారు కారు. 17వ శతాబ్ది తొలి సంవత్సరాల్లోనే బందరు రేవులో కొట్లు కట్టి వ్యాపారం చేశారు. బందరులో వలందపాలెం ఉన్నది, హాలండు వాళ్ళను మన పెద్దలు వలందులన్నారు. ఫ్రెంచివారి పేర పరాసుపేట, ఇంగ్లీషువారి పేర ఇంగ్లీషుపాలెం. డచ్చివారి సమాధులు నేటికీ అక్కడ ఉన్నాయి. ఆ చెక్కడపు రాళ్ళ మధ్య తిరిగినప్పుడు వాళ్ళేం తిని బ్రతికారన్న ఆలోచన నాకు ఎన్నడూ రాలేదు. ఇప్పుడు వస్తున్నది.

మనుమరాలికి తెలుగు పేరు ఒకటి చెప్పాలని పట్టుదల కలిగింది. తేనెతెట్టె, అట్టు కలిపి తెట్టట్టు అంటే పిల్ల పకపక నవ్వింది. తబలా చప్పుడులా ఉన్నదట. ఆలోచించి, గళ్ళు, అట్టు, కలిపితే గళ్ళట్టు అన్నాను. ఉత్వసంధి, వ్యాకరణరీత్యా నిర్దుష్టం. గళ్ళ లుంగీ ఉండగా గళ్ళట్టు ఎందుకుండరాదు? పేరు కుదిరింది. అట్టు కుదరలేదు.

మా అమ్మాయి వ్రాసి ఇచ్చిన లెక్క ఇది. మైదా 2 కప్పులు, బేకింగ్ పౌడరు 3 చిన్న చెంచాలు, పంచదార 2 పెద్ద చెంచాలు, ఉప్పు అర చెంచా, పాలు ఒకటిముప్పావు కప్పు, కరిగించిన వెన్న అర కప్పు, గుడ్లు 2. గుడ్లలో పచ్చసొన పాలలో కలపాలి, తెల్లసొన వేరుగా నురగ నిలిచేదాకా గిలకొట్టి చివరన మెల్లగా కలపాలి. మా ఇంట గుడ్డు వండరు. కనుక ఆ పంక్తి కొట్టివేసి మిగతాది అక్షరాలా పాటించాను. పాఠంలో ఒక పాదం ఎగరగొట్టి పద్యం చదివినట్లయింది. పెనం తెరవబోతే అట్టు నిలువునా రెండుగా చీలి, సగం పై పలకకు, సగం క్రింది పలకకు అతుక్కున్నది. "తాతయ్యా, ఇట్స్ స్టక్!" గళ్ళు ఒక్కొక్కటీ పుల్లతో గీకి శుభ్రం చేయడానికి ముప్పావు గంట పట్టింది.

మరునాడు గుడ్డు లోటు తీర్చడానికి వంటసోడా దండిగా వేశాను. అట్టు ఎర్రబడి సబ్బు వాసన కొట్టింది. పిల్ల ఒక ముక్క నోట పెట్టుకుని, మర్యాదకు మింగి, అరటిపండు తిన్నది. మూడవనాడు ఉండలు లేకుండా పిండిని కవ్వంతో శ్రద్ధగా చిలికాను. అది రబ్బరు. మైదాను ఎంత చిలికితే అంత జిగి సాగుతుంది, వాఫుల్ పిండిలో చిన్న చిన్న ఉండలు ఉండనివ్వాలన్న సంగతి నాకు తరువాత తెలిసింది.

ఆ మూడవనాడు చేతికర్ర చప్పుడు వినబడింది. మా ఆవిడ వంటింటి గుమ్మంలో నిలబడి ఉన్నది.

"ఆవిరి ఇంకా వస్తూనే ఉంటే మూత ఎందుకు తీస్తారు?"

నేను తెల్లబోయాను. "నీకు వాఫుల్ సంగతి తెలుసా?" అన్నాను.

"అదేమిటో నాకు తెలియదు. పచ్చి పిండి ఇనుమును వదలదు. నీరంతా ఆవిరై పోతే అదే వదులుతుంది. గులాబీ పువ్వులకూ అంతేగా."

అప్పుడు గాని నాకు తట్టలేదు. గులాబీ పువ్వులు! పొడుగాటి కాడ చివర పువ్వు ఆకారపు అచ్చు, బియ్యప్పిండీ మైదా కొబ్బరిపాలూ పంచదారా కలిపిన జారు పిండి, అందులో నువ్వులు. అచ్చును కాగే నూనెలో వేడెక్కించి, పిండిలో ముంచి, మళ్ళీ నూనెలో పెట్టి విదిలిస్తే పువ్వు జారుతుంది. ప్రతి సంక్రాంతికీ ఆవిడ వందలకొద్దీ వేసేది. కేరళలో దీనిని అచ్చప్పం అంటారు, శ్రీలంకలో కోకిస్ (ఆ మాట కూడా డచ్చి నుంచి వచ్చినదేనంటారు), స్వీడన్ నార్వేలలో రోజెట్. కాలిన ఇనుప అచ్చు, జారు పిండి, గళ్ళు. వాఫుల్‌కు ఇంతకంటే దగ్గర చుట్టం ఏముంటుంది? స్వీడన్ దాకా వెళ్ళి వచ్చిన నాకు, నా ఇంటి అటక మీది అచ్చు గుర్తుకు రాలేదు.

నేను కుర్చీ వేశాను. ఈసారి కూర్చున్నది. పెనం దగ్గరకు తెప్పించుకుని, ఎడమచేతి వ్రేలితో గళ్ళు తడిమి, "ఇది కొత్త ఇనుము. సబ్బుతో తోమారా? చాలు, ఇంకెలా వస్తుంది?" అన్నది. కొత్త అచ్చును గంజిలో ఒక రాత్రి నానబెట్టి, కడిగి ఆరబెట్టి, నూనె రాసి కాల్చి, చల్లార్చి, మళ్ళీ రాసి కాల్చాలట. నూనె పలుచని పొరగా ఇనుము మీద గట్టిపడేదాకా, నల్లగా నిగనిగలాడేదాకా. అలాగే నాలుగుసార్లు చేశాను.

గుడ్డు మాట చెప్పాను. నురగ కోసమని వివరించాను. ఒక్క క్షణం ఆలోచించి, "నురగకు మినప్పప్పు లేదూ" అన్నది.

మా దివి ప్రాంతపు వారికి మినుము గురించి చెప్పనక్కరలేదు. వరి కోతకు కొద్ది రోజుల ముందు, తడి ఆరని చేలో చల్లుతారు. కోత అయ్యేసరికి మొలక లేచి ఉంటుంది, మంచుకే పెరుగుతుంది. ఆ పప్పులో ఉన్న జిగురు, మాంసకృత్తులు గాలిని పట్టి నిలుపుతాయి. గారెలు గుల్లబారేది అందుకే. అర కప్పు పప్పు నాలుగు గంటలు నానవేసి, నీళ్ళు చిలకరించుకుంటూ వెన్నలా రుబ్బి, చేతితో గిలకొట్టాను. "చిటికెడు నీళ్ళలో వేసి చూడండి, తేలితే చాలు" అన్నది. మూడు సార్లు మునిగింది. నాలుగవసారి తేలింది. మైదా ఒక కప్పు, కరకరకు బియ్యప్పిండి అర కప్పు, పుల్లమజ్జిగ ఒకటింబావు కప్పు, కరిగిన వెన్న కప్పులో మూడవ వంతు, పంచదార, ఉప్పు, అర చెంచా వంటసోడా, అన్నీ ఉండలు పూర్తిగా పోకుండా కలిపి, చివర మినప నురగను మెల్లగా మడిచినట్లు కలిపాను. మజ్జిగ పులుపు ఉంటేనే సోడా పొంగుతుంది, సబ్బు వాసన కొట్టదు.

రెండు పలకలూ బాగా కాలాక ఒక గరిటె పోసి మూశాను. ఒకటిన్నర నిముషానికి తిప్పాను. అంచుల నుండి ఆవిరి ఎగదన్నింది. చేయి ఉండబట్టక పిడి పట్టుకోబోతే, "ఆగండి" అన్నది. ఆవిరి సన్నబడింది. "ఇప్పుడూ కాదు." పూర్తిగా ఆగింది. తెరిస్తే, గళ్ళు గళ్ళుగా, బంగారు రంగున, పలకను తానే వదిలి నిలిచింది. మనుమరాలు బెల్లపుపాకం పోసుకుని మూడు తిన్నది. మేపుల్ పాకం ఊసే ఎత్తలేదు.

మా ఆవిడకు ఒకటి పెట్టాను. ఎడమచేత్తో తుంచి నమిలి, "వెన్న ఎక్కువైంది. ఉప్పు చాలలేదు. అంచు ఇంకాస్త ఎర్రబడాలి" అన్నది.

మూడేళ్ళ తరువాత విన్న మాట. పిండిగిన్నె కడిగే నెపంతో అటు తిరిగి కాసేపు నిలబడ్డాను.

మరునాడు అటక మీది డబ్బా దింపమన్నది. కాగితంలో చుట్టిన అచ్చు చెక్కు చెదరలేదు. అచ్చును పిండిలో ముప్పాతిక వరకే ముంచాలి, పైకంటా మునిగితే పువ్వు ఊడి రాదు. కాడ ఎడమచేత పట్టింది, నేను పిండిగిన్నె వంచి పట్టాను, మనుమరాలు లెక్క వ్రాసింది. మొదటి రెండూ అచ్చు పట్టుకునే మాడాయి. మూడవది విరిగింది. నాలుగవది జారింది. మొత్తం పదకొండు వచ్చాయి, నాలుగు నావి, ఏడు ఆవిడవి. నావి మందమయ్యాయట.